బ్యాంకాక్ ఫుల్ డే సిటీ టూర్ కొనేవాళ్లు జాగ్రత్త: డబ్బు కట్టకముందే ఇవి అడగండి

మన ఏజెంట్లు అమ్మే బ్యాంకాక్–పట్టాయా ప్యాకేజీల్లో "ఫుల్ డే సిటీ అండ్ టెంపుల్ టూర్" అని ఒక లైను ఉంటుంది. పక్కన ఫొటో మాత్రం గ్రాండ్ ప్యాలెస్‌ది. తీరా వెళ్లాక చాలా గ్రూపులకు చూపించేది వాట్ ట్రైమిత్‌లో బంగారు బుద్ధుడు, వాట్ బెంచమబొఫిత్ అనే పాలరాతి గుడి, ఆ తర్వాత జెమ్స్ గ్యాలరీ అనే రంగురాళ్ల షాపు. అంతే. గ్రాండ్ ప్యాలెస్ గోడ పక్కనుంచి బండి వెళ్తుంటే "అదిగో ప్యాలెస్" అని వేలు పెట్టి చూపిస్తారు.

ఆ రెండు గుళ్లు తక్కువవని కాదు. వాట్ ట్రైమిత్ విగ్రహం దాదాపు ఐదున్నర టన్నుల బంగారు బుద్ధుడు. 1955లో చోటు మారుస్తుంటే పైనున్న గచ్చు పెచ్చులూడి లోపలి బంగారం బయటపడింది. పాలరాతి గుడికి రాయి ఇటలీలోని కరారా నుంచి వచ్చింది. రెండూ చూడదగ్గవే. కానీ రెండూ కలిపి చూడటానికి గంటన్నర, రెండు గంటలు చాలు. మిగిలిన రోజంతా ఎక్కడికి పోతోందన్నదే కొనేవాళ్లు అడగాల్సిన ప్రశ్న.

ముందు లెక్క చూడండి. విదేశీయులకు గ్రాండ్ ప్యాలెస్ టికెట్ 500 బాత్, వాట్ ఫో గుడికి 300, వాట్ అరుణ్ గుడికి 200. ఈ మూడింటికే మనిషికి 1000 బాత్. బాత్ విలువ రెండున్నర నుంచి మూడు రూపాయల మధ్య వేసుకున్నా టికెట్లకే 2500 నుంచి 3000 రూపాయలు. దాని మీద బండి, గైడు, భోజనం. అలాంటప్పుడు "అన్నీ కలిపి మనిషికి 1500 రూపాయలు" అని ఎవరైనా చెప్తే, టికెట్లు అందులో లేవన్నమాట, లేదంటే మిగతా డబ్బు మీ దగ్గరే ఇంకో దారిలో రాబట్టుకుంటారన్నమాట. ఆ ఇంకో దారే షాపు. ఇలా టూరు నష్టానికి అమ్మి షాపుల దగ్గర రాబట్టుకునే పద్ధతి మీద 2016లో థాయ్ ప్రభుత్వమే పెద్ద ఎత్తున చర్యలు తీసుకుంది. అప్పుడు గురి చైనా గ్రూపులను తిప్పే కంపెనీల మీద. ఆ వ్యాపార పద్ధతి మాత్రం పోలేదు, మన గ్రూపుల మీదా నడుస్తోంది.

పిల్లల విషయం కూడా ఇక్కడే చెప్పాలి. గ్రాండ్ ప్యాలెస్‌లో, వాట్ ఫోలో 120 సెంటీమీటర్ల లోపు ఎత్తున్న పిల్లలకు టికెట్ ఉండదు. అయినా "చైల్డ్ రేటు" కింద టికెట్ ఖర్చు కలిపి వసూలు చేసేవాళ్లున్నారు. ఆ రేటులో ఏమేం ఉన్నాయో విడదీసి రాసిమ్మనండి.

షాపు స్టాప్ ఎలా నడుస్తుందో ముందే తెలిస్తే చాలావరకు తప్పించుకోవచ్చు. బండి దిగగానే డ్రైవరు గానీ గైడు గానీ కౌంటర్‌లో గ్రూపు పేరు రాయిస్తాడు. మీకు స్టిక్కరో, కార్డో ఇస్తారు. కమిషన్ ఎవరి ఖాతాలోకి వెళ్లాలో తెలియడానికే అది. లోపల ముందు ఒక చిన్న వీడియో, కూల్‌డ్రింకు, ఆ తర్వాత గ్రూపుకు ఒక సేల్స్‌మన్ అతుక్కుంటాడు. హిందీ బాగా వస్తుంది, తెలుగు ముక్కలు కూడా కొన్ని వచ్చి ఉంటాయి. ఎన్నో హాళ్లు దాటితే గానీ బయటికి దారి ఉండదు. గంట దాకా బండి కదలదు, ఎందుకంటే మనం లోపల ఉన్న సమయాన్ని బట్టి కూడా కొన్నిచోట్ల డ్రైవర్లకు కూపన్లు ఇస్తారు. కొనకపోయినా ఫర్వాలేదు. ఏమీ కొనకుండా బయటికొచ్చి బండి దగ్గర నిలబడటానికి మీకు పూర్తి హక్కుంది. గైడు మొహం ముడుచుకున్నా పట్టించుకోవద్దు.

రాళ్ల దగ్గర మాత్రం కాస్త ఎక్కువ చెప్పక తప్పదు, ఎందుకంటే మనవాళ్లు అందరికంటే ఎక్కువ నష్టపోయేది ఇక్కడే. జాతకంలో కెంపు పెట్టుకోమన్నారనో, పుష్యరాగం మంచిదన్నారనో వెళ్లినవాళ్లకు "థాయ్‌లాండ్‌లో సగం ధరకే వస్తుంది, హైదరాబాద్‌లో అమ్మినా రెట్టింపు వస్తుంది" అనే మాట బాగా ఎక్కుతుంది. థాయ్‌లాండ్ రంగురాళ్ల కోత, మెరుగుల వ్యాపారంలో ప్రపంచంలోనే పెద్ద కేంద్రం, అది నిజం. చంతబురి ఊరంతా అదే పని. కానీ అదే నైపుణ్యంతో నాసిరకం రాయిని అందంగా మార్చడమూ అక్కడ బాగా తెలుసు. పగుళ్లున్న చవక కెంపులో సీసం కలిపిన గాజు నింపుతారు. పైకి ఎర్రగా, శుభ్రంగా మెరుస్తుంది. పది రెట్లు పెద్దది చేసి చూపే లూప్‌తో చూస్తే లోపల చిన్న చిన్న గాలిబుడగలు కనిపిస్తాయి, రాయిని అటూ ఇటూ తిప్పితే పగుళ్ల వెంట నీలిమెరుపు తళుక్కుమంటుంది. అలాంటి రాయికి నిమ్మరసం తగిలినా గాజు దెబ్బతింటుంది. ఉంగరానికి కంసాలి మంట పెట్టాడంటే ఇక చెప్పక్కర్లేదు. పసుపు పుష్యరాగాల్లో అయితే బెరీలియంతో వేడి చేసి రంగెక్కించినవి ఉంటాయి. వాటిని లూప్‌తో కనిపెట్టడం చాలాసార్లు కుదరదు, ల్యాబ్ కావాలి.

షాపు సొంతంగా ఇచ్చే సర్టిఫికెట్‌కు షాపు బయట విలువ లేదు. నిజంగా కొనాలనుకుంటే థాయ్‌లాండ్ జెమ్ అండ్ జ్యువెలరీ ఇన్‌స్టిట్యూట్ ల్యాబ్ రిపోర్టు అడగండి, ఆ రిపోర్టులో ట్రీట్‌మెంట్ గురించి, అంటే రాయి అందం పెంచడానికి ఏం చేశారో దాని గురించి, ఏం రాశారో చదవండి. "టూరు బస్సు వెళ్లిపోతుంది, ఇప్పుడే తేల్చండి" అని తొందరపెట్టినప్పుడు కొనకండి. అమ్మానాన్నలను పంపిస్తూ అమెరికా నుంచో బెంగళూరు నుంచో టూరు బుక్ చేసే పిల్లలకు ప్రత్యేకంగా ఒక మాట: పెద్దవాళ్లకు ఈ సంగతి విమానం ఎక్కకముందే చెప్పండి. అక్కడ ఏసీ గదిలో కూర్చోబెట్టి మర్యాద చేస్తే మొహమాటానికి ఏదో ఒకటి కొనేస్తారు.

ఇక అసలు చూడాల్సినవాటికి టైము ఎలా సరిపోదో చూడండి. గ్రాండ్ ప్యాలెస్ ఉదయం 8:30కి తెరుస్తారు, మధ్యాహ్నం 3:30కి టికెట్లు ఆపేస్తారు. షేరింగ్ వ్యానులో పికప్ 7 గంటలకు మొదలైనా ప్రతూనామ్, సుఖుమ్‌విత్, సీలోం ప్రాంతాల్లోని హోటళ్లన్నీ తిరిగి మనుషులను ఎక్కించుకునేసరికి గంట పైనే పోతుంది. తర్వాత జెమ్స్ గ్యాలరీ, దాని తర్వాత ఎక్కడో దూరంగా ఇండియన్ లంచ్ పెట్టారంటే ప్యాలెస్‌కు చేరేసరికి గేటు మూసే వేళవుతుంది. "సారీ, క్లోజ్ అయింది" అంటారు, డబ్బు తిరిగి రాదు. కాబట్టి ఇటినరరీలో గ్రాండ్ ప్యాలెస్ లంచ్‌కు ముందుందా, తర్వాతుందా అన్నది తప్పకుండా చూడండి. లంచ్ తర్వాత ఉంటే ఆ టూరు తీసుకోవద్దు. ఎండకు కూడా పొద్దున్నే నయం, లోపలి ఆవరణలో నీడ తక్కువ.

వెళ్లినా ముప్పావుగంటలో బయటికి తోలేస్తే తెలుగువాళ్లకు జరిగే నష్టం ఇంకా పెద్దది. అక్కడి పచ్చబుద్ధుడి గుడి చుట్టూ ఉన్న వసారా గోడల నిండా రామాయణమే. థాయ్ రామకియన్ కథ 178 చిత్రాలుగా గోడ పొడవునా నడుస్తుంది. తెల్లటి హనుమంతుడు, ఆకుపచ్చ రాముడు, బంగారు రంగు లక్ష్మణుడు, దశకంఠుడు అనే మన రావణుడు. బంగారపు రేకులు ఎండకు మెరుస్తుంటే ఒక్కో గోడ దగ్గర కాసేపు ఆగాలనిపిస్తుంది. ఉత్తరం వైపు గేటు దగ్గర కథ మొదలై గుడి చుట్టూ ప్రదక్షిణంగా సాగుతుంది. నిదానంగా చూడాలంటే ఈ వసారాకే గంట కావాలి. చాలామంది గైడ్లు మనల్ని నేరుగా పచ్చబుద్ధుడి దగ్గరికి తీసుకెళ్లి, లోపల ఫొటోలు తీయకూడదని చెప్పి, పది నిమిషాల్లో అటువైపు గేటులోంచి బయటికి తెస్తారు. కనీసం రెండు గంటలు ఉంటుందని రాతపూర్వకంగా అడగండి. ఆ 500 బాత్ టికెట్ మీదే ప్యాలెస్ ఆవరణలోని క్వీన్ సిరికిత్ టెక్స్‌టైల్ మ్యూజియం కూడా చూడొచ్చు. పట్టుచీరలంటే ఇష్టమున్నవాళ్లు దాన్ని వదలొద్దు. గ్రూపు టూర్లలో దాని ఊసే ఎత్తరు.

బట్టల దగ్గర కూడా తిప్పి పంపేస్తారు. షార్ట్స్, మోకాలు పైకుండే స్కర్టులు, చిరుగుల జీన్స్, ఒంటికి అతుక్కునే లెగ్గింగ్స్, స్లీవ్‌లెస్ కుదరవు. స్లీవ్‌లెస్ మీద చున్నీ కప్పుకుంటే చాలనుకోవద్దు, ఒప్పుకోకపోవచ్చు. చీర కట్టుకుంటే చేతులున్న రవిక వేసుకోండి. గేటు బయట ఏనుగు బొమ్మల ప్యాంట్లు అమ్ముతారు, అవసరమైతే కొనుక్కోవచ్చు. కానీ షేరింగ్ టూరులో ఆ అరగంట కూడా మీ టైములోంచే పోతుంది.

సొంతంగా వెళ్లేవాళ్లకు గేటు దగ్గరే ఇంకో ఉచ్చు. చక్కటి చొక్కా వేసుకున్న పెద్దమనిషి వచ్చి "ఈరోజు ప్యాలెస్ మూసేశారు, ఏదో పూజ ఉంది, ఒంటిగంటకు తెరుస్తారు, ఈలోపు టుక్‌టుక్‌లో 20 బాత్‌కే లక్కీ బుద్ధను చూసి రండి" అంటాడు. ఆ టుక్‌టుక్ ఆగేది దర్జీ షాపు దగ్గర, రాళ్ల షాపు దగ్గర. డ్రైవరుకు షాపువాళ్లు పెట్రోలు కూపన్లు ఇస్తారు కాబట్టే 20 బాత్‌కు తిప్పుతాడు. రాజకుటుంబ కార్యక్రమాలకు అప్పుడప్పుడు నిజంగానే మూస్తారు, కానీ ఆ సంగతి ప్యాలెస్ అధికారిక వెబ్‌సైట్‌లో ఉంటుంది. రోడ్డు మీద మనిషి మాట నమ్మకుండా నేరుగా టికెట్ కౌంటర్ దాకా నడవండి.

పడవ సంగతి. వాట్ ఫో పక్కనున్న థా తియన్ రేవు నుంచి నది అవతలి ఒడ్డున వాట్ అరుణ్‌కు దాటే ఫెర్రీ 5 బాత్. అదే రేవుల దగ్గర "ఫెర్రీ లేదు" అని చెప్పి పొడవు తోక పడవ (లాంగ్‌టెయిల్ బోటు) ఎక్కించి వందల్లో, వేలల్లో లాగుతారు. కాలువల్లో తిరగాలని ఉంటే ఎక్కండి, బాగుంటుంది. కానీ చెప్పిన రేటు పడవకా, మనిషికా అన్నది ఎక్కకముందే కాగితం మీద రాయించండి. దిగేటప్పుడు "పర్ హెడ్" అని నలుగురికీ నాలుగింతలు అడగడం అక్కడ కొత్త కాదు.

గైడ్ గురించి. థాయ్‌లాండ్ చట్టం ప్రకారం గైడ్ పని థాయ్ పౌరులే చేయాలి, లైసెన్స్ ఉండాలి, ఫొటో ఉన్న కార్డు మెడలో వేసుకోవాలి. ఇక్కడి నుంచి వెంట వచ్చే టూర్ మేనేజర్ లెక్కలు, రూములు చూసుకోవచ్చు గానీ ప్యాలెస్‌లో గైడ్‌గా చెప్పకూడదు, పట్టుకుంటే టూరు మధ్యలోనే ఆగిపోవచ్చు. చవక టూర్లలో డ్రైవరే గైడు, గేటు బయట దింపి "టూ అవర్స్, కమ్ బ్యాక్" అంటాడు.

డబ్బు కట్టేముందు ఏజెంటుకు వాట్సాప్‌లో ఇలా పంపండి, జవాబు రాతలోనే తీసుకోండి: "గ్రాండ్ ప్యాలెస్, వాట్ ఫో, వాట్ అరుణ్ లోపలికి ఎంట్రీ టికెట్లు ఈ రేటులో ఉన్నాయా, ఫొటో స్టాప్ మాత్రమేనా? షాపింగ్ స్టాప్‌లు ఎన్ని, ఒక్కోచోట ఎంతసేపు, వద్దంటే తీసేస్తారా? లైసెన్స్ ఉన్న గైడ్ రోజంతా ఉంటారా? బండి ప్రైవేటా, షేరింగా? పికప్ మా హోటల్ నుంచేనా, ఎన్ని నిమిషాలు ఆగుతారు? అక్కడ టూరు నడిపే థాయ్ కంపెనీ పేరు, లైసెన్స్ నంబరు ఏమిటి?" ఫోన్‌లో "అన్నీ ఉంటాయి సార్, మీరు టెన్షన్ పడకండి" అనే మాట ఏ ఫిర్యాదులోనూ పనికిరాదు. అడ్వాన్సు వ్యక్తి పేరున్న యూపీఐ నంబరుకు పంపకండి. కంపెనీ ఖాతాకో, క్రెడిట్ కార్డు మీదో కట్టండి. కార్డయితే సేవ అందలేదని బ్యాంకులో డిస్‌ప్యూట్ వేసే దారుంటుంది. థాయ్‌లాండ్‌లోకి వెళ్లడానికి నింపే డిజిటల్ అరైవల్ కార్డుకు కూడా కొందరు ఫీజు పట్టేస్తున్నారు. 2025 మే నుంచి అది తప్పనిసరి, కానీ పూర్తిగా ఉచితం. చేరే తేదీకి మూడు రోజుల ముందు నుంచి అధికారిక సైటులో మీరే నింపుకోవచ్చు.

నిజానికి ఈ మూడు చోట్లకు టూరు లేకుండానే వెళ్లొచ్చు. సుఖుమ్‌విత్ నుంచి మెట్రో బ్లూ లైన్‌లో సనామ్ చాయ్ స్టేషన్‌లో దిగితే వాట్ ఫో పక్కనే, అక్కడి నుంచి గ్రాండ్ ప్యాలెస్‌కు నడక, వాట్ అరుణ్‌కు ఫెర్రీ. పెద్దవాళ్లుంటే యాప్‌లో కారు బుక్ చేసుకోండి, లేదా మీటరు టాక్సీ. మీటరు 35 బాత్‌తో మొదలవుతుంది, మీటరు వేయనంటే దిగిపోండి.

అక్కడ మోసం జరిగితే వెంటనే టూరిస్టు పోలీసు 1155కు ఫోన్ చేయండి, ఇంగ్లిష్‌లో మాట్లాడతారు. బండి నంబరు, గైడ్ కార్డు, షాపు బిల్లు, ఎన్ని గంటలకు ఎక్కడ దింపారో తెలిసేలా ఫొటోలు అప్పటికప్పుడే తీసుకోండి. రాయి కొని మోసపోయామని తెలిస్తే ఆ ఊళ్లో ఉండగానే ఫిర్యాదు చేయండి, ఇంటికొచ్చాక వెనక్కి ఇప్పించడం చాలా కష్టం. ఇక్కడి ఏజెంటు మీదైతే జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915. 2019 వినియోగదారుల చట్టం ప్రకారం మీరు ఉండే జిల్లాలోని వినియోగదారుల కమిషన్‌లోనే కేసు వేయొచ్చు, ఏజెంటు ఆఫీసు ఏ ఊళ్లో ఉన్నా సరే. డబ్బు తీసుకుని ఫోన్ స్విచాఫ్ చేసిన దొంగ ఏజెంటయితే ఆలస్యం చేయకుండా సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి చెప్పండి. ఆ డబ్బు వేరే ఖాతాల్లోకి మారిపోకముందే ఆపించే అవకాశం మొదటి కొన్ని గంటల్లోనే ఎక్కువ.