‘లెజెండ్స్ ఆఫ్ ది జ్యూస్’: కథలు ముందు సంపుటాల్లో, తాళంచెవి వెనక సంపుటాల్లో

బైబిలు మనుషుల చుట్టూ యూదులు చెప్పుకున్న కథలను లూయిస్ గింజ్‌బర్గ్ కూర్చిన ‘లెజెండ్స్ ఆఫ్ ది జ్యూస్’ ఏడు సంపుటాలూ చాలా ఏళ్లుగా నా బల్ల మీదే ఉంటున్నాయి. కథలున్న మొదటి నాలుగూ ఇప్పటికీ చెక్కుచెదరలేదు. నోట్సు ఉన్న అయిదో దానికి మాత్రం బైండింగ్ ఊడిపోయి, వెనక గుడ్డ అంటించాల్సి వచ్చింది. కొనమంటారా అని అడిగేవాళ్లకి నా జవాబు ఇదే: కథల కోసమే అయితే డబ్బు పెట్టకండి, ఆ నాలుగూ ప్రాజెక్ట్ గూటెన్‌బర్గ్ వెబ్‌సైట్‌లో ఉచితంగా ఉన్నాయి. నోట్సు వాడే ఓపిక ఉంటే మాత్రం కొనండి.

కొత్తవాళ్ల కోసం కాస్త నేపథ్యం. పాత నిబంధన మాటల్లో మహా పొదుపరి. ఎవరు ఏమనుకున్నారో చెప్పదు, ఎందుకు చేశారో చాలాచోట్ల చెప్పదు. ఆ చెప్పని చోట్లనే పట్టుకుని యూదు రబ్బీలు (మతపండితులు) తరాల తరబడి ప్రశ్నలు వేసుకున్నారు. ఆ ప్రశ్నలు, వాటికి జవాబుగా చెప్పిన కథలు, ఆ కథల మీద వాదనలు, అన్నీ కలిపి మిద్రాష్. ఆదికాండం మీద వచ్చిన బెరేషిత్ రబ్బా సుమారు 5వ శతాబ్దంలో గలిలయ ప్రాంతపు పండితుల మధ్య రూపుదిద్దుకుంది. అంతకు చాలా ముందే, క్రీ.పూ. 2వ శతాబ్దంలో, ‘జూబిలీలు’ అనే గ్రంథం ఆదికాండాన్నీ నిర్గమకాండంలో కొంత భాగాన్నీ కొత్తగా తిరిగి చెప్పింది. దాని హీబ్రూ ముక్కలు మృత సముద్రం పక్కనున్న కుమ్రాను గుహల్లో దొరికాయి.

ఇలా వందల చోట్ల చెల్లాచెదురుగా పడి ఉన్నదాన్ని గింజ్‌బర్గ్ (1873–1953) సృష్టి నుంచి ఎస్తేరు దాకా వరసగా ఒకే కథగా అల్లారు. ఆయన లిథువేనియాలోని కౌనస్‌లో పుట్టి, న్యూయార్క్‌లోని జ్యూయిష్ థియలాజికల్ సెమినరీలో అర్ధ శతాబ్దం పాఠం చెప్పారు. రాసింది జర్మన్‌లో. ఇంగ్లీషులోకి ఎక్కువ భాగం తెచ్చినవారు హెన్రియెట్టా సోల్డ్. కథల సంపుటాలు 1909 నుంచి 1913 వరకు, నోట్సు 1925లో, 1928లో, బోయజ్ కోహెన్ తయారుచేసిన సూచిక 1938లో వచ్చాయి.

పుస్తకం బలమేమిటో, లోపమేమిటో ఒక్క కథతో చెప్పొచ్చు. అబ్రాహాము విగ్రహాలు పగలగొట్టిన కథ వినే ఉంటారు. ఖురాన్‌లో 21వ సూరా అంబియాలోనూ ఉంది కాబట్టి ముస్లిం ఇళ్లలో పిల్లలకీ తెలుసు. మన చర్చి వాట్సాప్ గ్రూపుల్లో మాత్రం అది బైబిలు కథ అన్నట్టే తిరుగుతుంటుంది. బైబిల్లో ఎక్కడా లేదు. ఉన్నది బెరేషిత్ రబ్బా 38వ అధ్యాయంలో, అదీ ఒకటే పేరా.

అబ్రాహాము తండ్రి తెరహు విగ్రహాలు అమ్మేవాడు. ఒకరోజు కొడుకును కొట్లో కూర్చోబెట్టి ఎటో వెళ్తాడు. బేరానికొచ్చినవాణ్ణి అబ్రాహాము అడుగుతాడు, నీకెన్నేళ్లని. అరవై. “అరవయ్యేళ్లవాడివి, ఒక్కరోజు వయసున్నదానికి మొక్కుతావా?” వాడు సిగ్గుపడి వెళ్లిపోతాడు. తర్వాత ఒకామె పళ్లెంలో పిండి తెచ్చి దేవుళ్లకు పెట్టమంటుంది. అబ్రాహాము కర్ర తీసుకుని అన్నిటినీ పగలగొట్టి, ఆ కర్రను అన్నిటికన్నా పెద్ద విగ్రహం చేతిలో పెడతాడు. తండ్రి వచ్చి ఇదేంట్రా అంటే, “పిండి నేను ముందు తింటానంటే నేను ముందని కొట్టుకున్నాయి. పెద్దది లేచి అందరి పనీ పట్టింది” అంటాడు. “నన్ను ఆటపట్టిస్తున్నావా? వాటికేం తెలుసు?” “నీ నోరు అన్నమాట నీ చెవులు వింటున్నాయా నాన్నా?”

తెరహు కొడుకును రాజు నిమ్రోదుకు అప్పగిస్తాడు. అక్కడ ఇంకో సంవాదం. నిప్పుకు మొక్కమంటాడు రాజు. నిప్పును ఆర్పే నీళ్లకు మొక్కొచ్చుగా అంటాడు అబ్రాహాము. సరే నీళ్లకు. నీళ్లు మోసే మబ్బుకు? సరే మబ్బుకు. మబ్బును తరిమే గాలికి? సరే గాలికి. గాలిని తట్టుకునే మనిషికి? రాజుకు విసుగొచ్చి, నేను మొక్కేది నిప్పుకే, నిన్ను అందులోనే వేస్తున్నాను, నీ దేవుడొచ్చి కాపాడతాడేమో చూద్దాం అంటాడు. పక్కనే అన్న హారాను లెక్కలు వేసుకుంటూ నిలబడి ఉంటాడు: అబ్రాహాము గెలిస్తే అబ్రాహాము పక్షం, నిమ్రోదు గెలిస్తే నిమ్రోదు పక్షం. అబ్రాహాము క్షేమంగా బయటికొస్తాడు. నువ్వెవరి మనిషివని అడిగితే, అబ్రాహాము మనిషినేనంటాడు హారాను. వాణ్ణీ నిప్పులో వేస్తారు. కాలిపోయి తండ్రి కళ్లెదుటే ప్రాణం విడుస్తాడు.

పేరా అక్కడ ఆదికాండం 11:28 వచనంతో ముగుస్తుంది: తండ్రి తెరహు ఉండగానే హారాను చనిపోయాడని. అంతసేపూ జరిగిందంతా ఆ ఒక్క వచనం కోసమే. కొడుకు తండ్రి ముందే ఎందుకు చనిపోయాడు? బైబిలు చెప్పలేదు, కాబట్టి ఈ కథ. దీన్ని పట్టుకుని విగ్రహారాధన మీద వాదులాడుకునేవాళ్లను చూశాను. వాళ్లకు కనబడనివాడు హారాను. నా లెక్కలో కథకు అసలు ఇరుసు వాడే: ఏ గట్టున నిలబడాలో ఫలితం వచ్చాక తేల్చుకుందామనుకున్నవాడు.

గింజ్‌బర్గ్ దగ్గర ఇదే కథ పేజీల కొద్దీ సాగుతుంది. పుట్టినప్పుడు కనిపించిన నక్షత్రం, గుహలో దాచడం, నిమ్రోదు కొలువు, అగ్నిగుండం, అన్నీ ఉంటాయి. చదువుతుంటే ఆపబుద్ధి కాదు. హారానూ ఉంటాడు. లేనిది వచనం, ప్రశ్న. ఏ చిక్కు విప్పడానికి కథ పుట్టిందో ఆ చిక్కు తీసేసి కథను మాత్రం మన చేతికిస్తారు. మిద్రాష్‌ను పురాణంగా మార్చేశారన్నది నా ప్రధాన ఫిర్యాదు.

రెండో ఫిర్యాదు కాలానిది. శారా మరణమే చూడండి. ఆదికాండం 22లో అబ్రాహాము ఇస్సాకును బలికి తీసుకెళ్తాడు. 23 మొదలవుతూనే శారా చనిపోతుంది. రెండు అధ్యాయాలూ పక్కపక్కనే ఎందుకున్నాయని రబ్బీలు అడిగారు. లేవీయకాండం మీద వచ్చిన మిద్రాష్ వయిక్రా రబ్బా 20వ అధ్యాయంలో జవాబు: ఇస్సాకు ఇంటికొచ్చాక తల్లి అడుగుతుంది, ఎక్కడికెళ్లావు నాయనా అని. నాన్న కొండలెక్కించి దింపి తీసుకెళ్లాడని, జరిగిందంతా చెప్తాడు. దూత ఆపకపోతే ఈపాటికి నిన్ను కోసేసేవాడా? అవును. ఆమె ఆరు కేకలు పెడుతుంది, ఆరో కేక పూర్తికాకుండానే పోతుంది. ఆ ఆరూ కొమ్ముబూర ఊదే ఆరు నాదాలకు సమానమని చేరుస్తుంది మిద్రాష్. మరి గింజ్‌బర్గ్ మొదటి సంపుటంలో? సాతాను ముసలివాడి వేషంలో వచ్చి కొడుకు బలైపోయాడంటాడు. ఆమె వెతుక్కుంటూ హెబ్రోను వెళ్తుంది. కొడుకు బతికే ఉన్నాడని అక్కడ విని, ఆ సంతోషం పట్టలేక చనిపోతుంది. ఇది ‘సెఫెర్ హాయాషార్’ నుంచి తీసుకున్నది. ఆ గ్రంథం అచ్చయింది 1625లో, వెనిస్‌లో. కథగా దానికీ ఒక అందముంది, కాదనను. కానీ కొడుకు నోటి నుంచే విని, భర్త చేసిన పనికి గుండె పగిలిన తల్లిని పక్కనపెట్టి, నింద మొత్తం సాతాను మీదికి తోసిన కథను ముందు వరసలో కూర్చోబెట్టడం నాకు మింగుడుపడదు. క్రీస్తుపూర్వపు జూబిలీలు, ఎన్నో శతాబ్దాల తర్వాతి యాషార్ ఒకే గొంతుతో మాట్లాడతాయి ఈ పుస్తకంలో. వాల్మీకంలో లేని లక్ష్మణరేఖను వాల్మీకిదేనని నమ్మినట్టు, దీన్ని చదివినవాళ్లు అంతా ప్రాచీనమేనని నమ్ముతారు.

మూడోది, వాదనలు మాయమవడం. కయీను హేబెలుతో మాట్లాడాడని ఆదికాండం 4:8 అంటుంది, ఏం మాట్లాడాడో అనదు. బెరేషిత్ రబ్బాలో దీనికి రకరకాల జవాబులు. ఒకాయన ఆస్తి తగాదా అంటాడు: నేల ఒకడికి, వస్తువులు ఒకడికి పంచుకున్నారు, “నువ్వు నిలబడ్డ నేల నాది” అని ఒకడు, “నువ్వు కట్టుకున్న బట్ట నాది, విప్పు” అని ఇంకొకడు. కాదు, దేవాలయం ఎవరి వాటాలో కట్టాలని గొడవ అంటాడు ఇంకో రబ్బీ. కాదు, ఆడదాని కోసం అంటాడు ఇంకొకడు. ఏది నిజమో తేల్చరు. ఆస్తి, మతం, ఆడది: హత్యకు మూలాలు మూడూ పక్కపక్కన పెట్టి ఊరుకుంటారు. గింజ్‌బర్గ్ గొర్రెలు పొలం తొక్కడం దగ్గర మొదలుపెట్టి, తోబుట్టువు మీద పోటీ కూడా కలిపి, ఒకే కథ చేశారు. చెప్పిన రబ్బీల పేర్లు పోయాయి.

ఇంత తిట్టి మరి ఎందుకు ఉంచుకున్నానంటే, అయిదు, ఆరు, ఏడు సంపుటాల వల్ల. పైన నేను చెప్పిన మూలాలన్నీ పట్టుకోవడానికి దారి చూపింది ఆయన నోట్సే. ఫైలో, జోసీఫస్ (పాతకాలపు యూదు రచయితలు), తర్గుములు (బైబిలుకు అరామిక్ అనువాదాలు), తాల్ముద్ (రబ్బీల చర్చల సంకలనం), చర్చి పితరులు (తొలి క్రైస్తవ రచయితలు), ఎవరు ఎక్కడ ఏమన్నారో ఒక్కో కథ కింద గుట్టపోసి పెట్టారు. కంప్యూటర్ లేని రోజుల్లో ఒక్క మనిషి ఇంత ఎలా గుర్తుపెట్టుకున్నాడన్నది నాకిప్పటికీ ఆశ్చర్యమే. అక్షరాలు చిన్నవి, సంక్షిప్తాలు బుర్ర తినేస్తాయి. ‘బీఆర్’ అంటే బెరేషిత్ రబ్బా, ‘పీఆర్‌ఈ’ అంటే పిర్కె ద రబ్బీ ఎలియేజెర్, ఇలా. కొన్నాళ్లకు అలవాటవుతుంది.

సూచిక సంపుటం ఎంత పనికొస్తుందో ఆషేరు కూతురు శెరహు విషయంలో చూశాను. ఆదికాండం 46లో ఐగుప్తుకు వెళ్లినవాళ్ల జాబితాలో ఆమె పేరుంది. తరాలు గడిచాక సంఖ్యాకాండం 26 జనాభా లెక్కలోనూ ఉంది. బైబిల్లో ఆమె గురించి కథేమీ లేదు. రెండు జాబితాల్లోనూ ఉందంటే అన్నాళ్లూ బతికే ఉందన్నమాటే అని రబ్బీలు పట్టుకున్నారు. ఇక ఆమెకు పని దొరికింది. ఐగుప్తు విడిచేటప్పుడు యోసేపు ఎముకలు ఎక్కడున్నాయో ఎవరికీ తెలియకపోతే, మోషే ఆమెనే అడుగుతాడు (తాల్ముద్, సోతా 13ఎ). లోహపు పెట్టెలో పెట్టి నైలు నదిలో ముంచారని చెప్తుంది. మోషే ఒడ్డున నిలబడి యోసేపును పేరుపెట్టి పిలిస్తే పెట్టె పైకి తేలుతుంది. తాత యాకోబుకు యోసేపు బతికున్నాడన్న కబురు వీణలాంటి వాద్యం మీద పాడుతూ మెల్లగా చెప్పిందన్నది తర్వాతి కాలపు చేర్పు. ఏడో సంపుటంలో ఆమె పేరు దగ్గర మొదలుపెడితే ఇవన్నీ వరసగా దొరికాయి.

ఇప్పుడు యూదు గ్రంథాలన్నీ పెట్టిన సెఫారియా వెబ్‌సైట్ ఉంది కదా అంటారు. ఉంది, నేనూ రోజూ వాడతాను, ఉచితం. వచనం మీద నొక్కితే దాన్ని ఎవరెవరు ఎక్కడ ప్రస్తావించారో పక్కన జాబితా వస్తుంది. హీబ్రూ, ఇంగ్లీషు పక్కపక్కన చదవొచ్చు. చిక్కేమిటంటే అది వచనం నుంచి మొదలవుతుంది. ఒక కథ ఎన్ని రూపాలు మార్చుకుందో తెలియాలంటే మళ్లీ గింజ్‌బర్గ్ నోట్సుకే రావాలి. బియాలిక్, రావ్నిత్స్కీ ఒడెస్సాలో కూర్చిన ‘సెఫెర్ హాఅగ్గాదా’ ఇంకో దారి. 1992లో ఇంగ్లీషులో వచ్చింది. అందులో ఏ కథకు ఆ కథ విడిగా, ఎక్కడిదో ఆనవాలుతో ఉంటుంది. మొదటి పుస్తకంగా ఇవ్వాలంటే నేను దాన్నే ఇస్తాను.

ఇంగ్లీషు పాతకాలపుది, ‘దౌ’, ‘హ్యాస్ట్’ ధోరణి. పాత బైబిలు అనువాదాలు అలవాటున్నవాళ్లకు ఇబ్బంది ఉండదు. పిల్లలకు చదివి వినిపించాలంటే మాత్రం మీ మాటల్లో చెప్పుకోవాల్సిందే. సండేస్కూల్లో చెప్పేవాళ్లయితే ‘ఇది బైబిల్లోది కాదు, యూదు పెద్దలు చెప్పుకున్నది’ అని ముందే అనండి.

కొనే ముందు ఒక పని చేయండి. ఆదికాండం 22, 23 అధ్యాయాలు చదివి, గూటెన్‌బర్గ్‌లో గింజ్‌బర్గ్ చెప్పిన శారా మరణం చదవండి. తర్వాత సెఫారియాలో వయిక్రా రబ్బా 20:2 చూడండి. గింజ్‌బర్గ్ కథే చాలనిపిస్తే మీకు ఖర్చే లేదు. వయిక్రా రబ్బా చదివాక ఇంకెవరు ఏమన్నారో తెలుసుకోవాలనిపిస్తే అయిదో సంపుటం, ఏడో సంపుటం కలిపి తీసుకోండి, విడిగా ఒకటే కొంటే సగం పనే అవుతుంది. ఆరో సంపుటం మోషే అరణ్యయాత్ర నుంచి తర్వాతి కథలకు నోట్సు, అక్కడిదాకా వచ్చినప్పుడు చూసుకోవచ్చు.