బ్లూ పీరియడ్: గీతలోనే కనబడే ఎదుగుదల

కుర్రాడు ఎదిగాడని మాటల్లో చెప్పేయడం తేలిక. త్సుబాసా యమగుచి మాంగా (జపనీస్ బొమ్మల కథ) ‘బ్లూ పీరియడ్’లో అలా తప్పించుకునే వీలు లేదు. కథానాయకుడు, హైస్కూల్ కుర్రాడు యాతొరా నేర్చుకునేది చిత్రకళ కాబట్టి, వాడు ఎంత మారాడో వాడి బొమ్మే చూపించాలి. 2017లో జపాన్‌లో కొడాన్షా వారి ‘ఆఫ్టర్‌నూన్’ మాసపత్రికలో మొదలై, 2020లో మాంగా తైషో అవార్డు అందుకున్న సిరీస్ ఇది.

యాతొరాకు మార్కులకు లోటు లేదు, స్నేహితులకూ లోటు లేదు. తనదంటూ ఇష్టపడే పనే ఏదీ లేదు. తెల్లవారుజామున టోక్యోలోని షిబుయా ప్రాంతం తన కంటికి ఎలా నీలంగా కనబడిందో అలాగే ఒక బొమ్మ వేస్తాడు. అది తెల్లవారుజామేనని స్నేహితులు గుర్తుపట్టగానే వాడికి కన్నీళ్లు ఆగవు. తన మనసులోది ఇంకొకరికి చేరడం వాడికి అదే మొదటిసారి.

అంతకన్నా గొప్ప ఘట్టం అమ్మ బొమ్మ. ఆర్ట్ కాలేజీకి అమ్మను ఒప్పించాలని ఆమె బొమ్మ గీస్తాడు. గీస్తుంటేనే అంట్లు తోమి తోమి గరుకెక్కిన ఆమె చేతులు కళ్లబడతాయి. ఇన్నేళ్లూ ఒకే ఇంట్లో ఉండి వాటిని చూడలేదన్నమాట! వయసు రావడమంటే ఏమిటో ఆ రెండు మూడు పేజీల్లో ఉంది.

కథలో పాత్రలు వేసే చిత్రాల్లో చాలావాటిని నిజంగా వేర్వేరు చిత్రకారులే వేశారు, వాళ్ల పేర్లు కూడా అచ్చువేశారు. అందుకే యాతొరా బొమ్మ పక్కన తోటి విద్యార్థి యొతాసుకె బొమ్మ పెడితే, ఎవరి చెయ్యి గట్టిదో పాఠకుడికే తెలిసిపోతుంది. శిక్షణ ఘట్టాలూ గట్టివే. కొలతలు కుదిరినా కూర్పు కుదరకపోతే బొమ్మ ఎందుకు చప్పగా ఉంటుందో అర్థమవుతుంది. ఎఫ్100 కాన్వాస్, అంటే సుమారు 162×130 సెంటీమీటర్లు, ముందుకొచ్చినప్పుడు చిన్న కాగితం మీద నేర్చిన ఒడుపులు చాలవు. ‘బంధం’ అన్న అంశం మీద వాడు పడే తిప్పలు చదువుతుంటే మన చేతులు కూడా నొప్పెడతాయి.

లోటు లేదని కాదు. నీలమే ప్రాణమైన కథ, లోపలి పేజీలేమో నలుపూ తెలుపూ. షిబుయా బొమ్మ బూడిదరంగులో దాని బలం సగం పోగొట్టుకుంది. పాఠాల మాటలు కొన్ని పేజీల్లో బొమ్మల్ని మింగేస్తాయి. కాలేజీలో చేరాక కథ ‘ఎలా వెయ్యాలి’ నుంచి ‘అసలు ఎందుకు వెయ్యాలి’ వైపు మళ్లుతుంది. చర్చలు పెరిగి నడక నెమ్మదిస్తుంది.

ప్రవేశ పరీక్షల ఘట్టం ముగిసే ఆరో సంపుటం దాకా మాత్రం ఆపకుండా చదవాల్సిందే. 2021లో వచ్చిన యానిమే (జపనీస్ యానిమేషన్ సిరీస్) 12 ఎపిసోడ్లలో అదంతా హడావిడిగా కానిచ్చేసింది, కాబట్టి ముందు పుస్తకమే పట్టుకోండి. ఈ-బుక్‌లో అయితే కుడి నుంచి ఎడమకు, రెండు పేజీలూ పక్కపక్కన కనబడేలా పెట్టుకోండి. లేదంటే రెండు పేజీలకూ పరుచుకున్న పెద్ద చిత్రాలు నడిమికి తెగిపోతాయి.