పిల్లుల గుహలో బురద, రాక్షసుడి రాళ్ళ దగ్గర తొందర

ఐర్లండ్‌లో నేను చూసిన గుమ్మాలన్నిటిలోకీ చిన్నది ఓవెనగాట్, అంటే పిల్లుల గుహది. పొలంలో, చెట్టు వేళ్ళ కింద, మన ఊళ్ళో గోడకి కుక్క దూరేంత కంత ఉంటుంది చూడండి, అంతే. చతికిలబడి, కాళ్ళు ముందు పెట్టి జారాలి. దిగాక తలెత్తితే పైన దూలంలా వేసిన రాయి, దాని అంచున వరసగా గాట్లు. గైడమ్మ టార్చి పక్కనుంచి కొట్టేదాకా అవి అక్షరాలని తెలీలేదు. ఐర్లండ్ పాతకాలపు ఓగమ్ లిపి. ఇక్కడి కథల్లోని రాణి మేవ్ కొడుకు ఫ్రేఖ్‌ది అని రాసి ఉందట.

ఇంకాస్త లోపలికి పాకాక ఆవిడ టార్చి ఆపేసింది. యుద్ధదేవత మోరిగన్ ఉండేది ఇక్కడేనట. సావిన్ రాత్రి, అంటే అక్టోబర్ 31న, ఈ నోరు తెరుచుకునేదనీ, మూడు తలల ఎల్లెన్ అనే భూతం బయటికొచ్చి దేశం పాడుచేసేదనీ, ఊపిరి తగిలితే చాలు చెట్టూచేమా మాడ్చేసే ఎర్రపిట్టలు గుంపులుగా ఎగిరేవనీ చీకట్లో చెప్పుకుంటూ పోయింది. ఇప్పటి హాలోవీన్‌కి మూలం ఆ సావిన్ పండగే. ఎక్కడో నీటిచుక్క టప్పున పడింది. "బావా, ఇక పైకి పోదాం" అన్నాడు మా బావ. అప్పటిదాకా నన్ను ఆట పట్టించింది ఆయనే.

మా చెల్లెలూ బావా డబ్లిన్‌లో ఉంటారు. నేనూ మా ఆవిడా పది రోజులకని అక్టోబర్ చివర్లో వెళ్ళాం. ఈ గుహ ఉన్న రాత్‌క్రోహన్, డబ్లిన్‌కి పడమరగా రాస్‌కామన్ కౌంటీలో, కార్లో సుమారు రెండు గంటలు. టల్స్క్ అనే చిన్న ఊళ్ళో విజిటర్ సెంటర్ ఉంది. గుహ రైతు పొలంలో ఉంది కాబట్టి వాళ్ళ గైడుతో వెళ్ళడమే మర్యాద, క్షేమం కూడా. పాత ప్యాంటు వేసుకోండి. మోకాళ్ళ నొప్పులున్నవాళ్ళు పైనే ఉండిపోవడం మంచిది. మా ఆవిడ అదే చేసింది, ఆవులతో ఫొటోలు దిగింది.

ఆ ఆవుల మధ్యే, పేడ తొక్కకుండా నడుస్తూ, గైడమ్మ మేవ్ రాణి కథ చెప్పింది. ఒక రాత్రి పడకమీద మొగుడూ పెళ్ళాలకి పోటీ వచ్చింది, ఆస్తి నీది ఎక్కువా నాది ఎక్కువా అని. గిన్నెలు, ఉంగరాలు, గొర్రెలు, గుర్రాలు అన్నీ తెప్పించి లెక్కేశారు. సరిసమానం. తేడా ఒక్క తెల్లకొమ్ముల ఆంబోతు దగ్గరే వచ్చింది. నిజానికి అది మేవ్ మందలోనే పుట్టింది. ఆడదాని సొత్తుగా ఉండడం నామోషీ అనుకుని భర్త అలిల్ మందలోకి పోయిందట! దాంతో మేవ్‌కి పంతం పెరిగి, దానికి సాటి వచ్చే, కూలీ అనే చోట ఉన్న గోధుమరంగు ఆంబోతు కోసం ఉత్తరాన ఉన్న అల్‌స్టర్ రాజ్యం మీదికి సైన్యం నడిపింది. మనకి గోగ్రహణం విరాటపర్వంలో ఒక ఘట్టం, వీళ్ళకి అదే మొత్తం ఇతిహాసం. అల్‌స్టర్ మగాళ్ళందరూ మాకా దేవత శాపంతో పురిటినొప్పులు పడుతుంటే, పదిహేడేళ్ళ కూ హులిన్ ఒక్కడే రేవు దగ్గర అడ్డం నిలబడ్డాడు. చుట్టుపక్కల 240కి పైగా పురావస్తు స్థలాలున్నాయి కానీ, చూసేవాళ్ళకి చాలావరకు గడ్డి దిబ్బలే. చెప్పేవాళ్ళు లేకపోతే అరగంటలో కారెక్కేస్తాం.

ఆ రాత్రి దగ్గర్లోనే ఒక బీ అండ్ బీలో, అంటే గదీ పొద్దున టిఫినూ ఇచ్చే ఇంట్లో ఉన్నాం. ఇంటావిడ ఆప్యాయంగా మాట్లాడింది, దుప్పట్లు శుభ్రం. హీటర్ మాత్రం పదింటికే ఆగిపోయింది, స్వెట్టర్లతో పడుకున్నాం. పొద్దున ప్లేటులో నల్లగా గుండ్రంగా ఉన్నది వంకాయ ముక్కేమో అనుకోకండి, అది పంది రక్తంతో చేసే బ్లాక్ పుడింగ్. శాకాహారమని ముందే చెప్తే పుట్టగొడుగులు, టమాటా, సోడా బ్రెడ్డు పెడతారు. ఆ బ్రెడ్డు మీద వెన్న రాసుకుని తింటే మధ్యాహ్నం దాకా ఆకలి అనలేదు.

న్యూగ్రేంజ్ టికెట్లు మాత్రం రెండు వారాల ముందే ఆన్‌లైన్‌లో కొన్నాం, నేరుగా వెళ్తే దొరుకుతాయన్న నమ్మకం లేదు. అక్కడి విజిటర్ సెంటర్ నుంచి వాళ్ళ బస్సులోనే తీసుకెళ్తారు. క్రీ.పూ. 3200 నాటి సమాధి, ఈజిప్టు పిరమిడ్ల కంటే పాతది. 19 మీటర్ల సందులో పక్కకి తిరిగి నడవాలి. డిసెంబర్‌లో పగలు అతి తక్కువగా ఉండే రోజుల్లో ఉదయపు ఎండ ద్వారం పైనున్న కిటికీలోంచి గర్భగుడి దాకా వచ్చి 17 నిమిషాలు నిలుస్తుంది. ఆ రోజుల్లో లోపలికి పంపేది లాటరీ తగిలినవాళ్ళనే. మిగతా వాళ్ళకి బల్బుతో చూపిస్తారు. బల్బే కదా అని తీసిపారేశాను గానీ, చీకట్లో నేలమీద ఆ సన్నని గీత పాకుతుంటే నోట మాట రాలేదు. ఫొటోలు తీయనివ్వరు, మంచిదే. ఇది దేవతల పెద్ద డాగ్డా ఇల్లట. కొడుకు ఆంగస్ వచ్చి "పగలూ రాత్రీ ఉండనివ్వు" అన్నాడు. సరేనన్నాక, కాలమంతా పగలూ రాత్రే కదా అని ఇల్లు కాజేశాడు. మన వామనుడికి తమ్ముడిలా ఉన్నాడు. బయట ముందువైపు మెరిసే తెల్లరాళ్ళ గోడ మాత్రం 20వ శతాబ్దంలో మళ్ళీ కట్టింది, అది పాతది అనుకుని మురిసిపోకండి.

టారా కొండకి టికెట్ లేదు. నిజమైన రాజు తాకితే అరిచేదన్న లియా ఫాల్ రాయి ఉంది. మా బావ చెయ్యి పెట్టాడు. అరవలేదు.

నిరాశపడింది జెయింట్స్ కాజ్‌వే దగ్గర. చోటు తప్పు కాదు. సుమారు 40,000 రాతి స్తంభాలు, ఎక్కువ భాగం ఆరు పలకలు, పేర్చినట్టు సముద్రంలోకి దిగుతాయి. స్కాట్లండ్ రాక్షసుడితో తలపడడానికి ఫిన్ మెకూల్ వేసిన దారి అది. తీరా వాడి సైజు చూసి హడలి, పెళ్ళాం చేత పసిపిల్లాడి వేషం వేయించుకున్నాడు. పసివాడే ఇంతుంటే తండ్రి ఎంతుంటాడోనని వాడు పారిపోతూ ఆ దారిని ధ్వంసం చేశాడు. ఇంత మంచి కథని మా టూరు బస్సు గైడు మైకులో రెండు వాక్యాల్లో కానిచ్చేసి, తర్వాత షాపింగు ఎక్కడో చెప్పాడు. ఉదయం చీకటితో బయల్దేరితే అక్కడ ఇచ్చింది గంటంబావు. రాళ్ళ మీద కూర్చుని అలలు చూద్దామనుకున్న మా ఆవిడ పరిగెత్తాల్సి వచ్చింది. కారు ఉంటే సొంతంగా వెళ్ళండి. రాళ్ళ దాకా నడిచి వెళ్ళడానికి డబ్బు కట్టక్కర్లేదు, కట్టేది విజిటర్ సెంటర్‌కీ పార్కింగుకీ. ఇంకోటి, ఆ ప్రాంతం ఉత్తర ఐర్లండ్, బ్రిటన్ కిందికి వస్తుంది. భారత పాస్‌పోర్టు వాళ్ళకి బ్రిటన్ వీసా గానీ, ఐరిష్ వీసా మీద బీఐవీఎస్ (బ్రిటిష్-ఐరిష్ వీసా పథకం) అన్న ముద్ర గానీ ఉంటేనే అటు వెళ్ళొచ్చు. మాకు ఆ ముద్ర ఉంది కాబట్టి టెన్షన్ లేదు, మీరు టికెట్లు కొనే ముందే చూసుకోండి.

తిరుగు ప్రయాణానికి ముందు రోజు డండాక్ దగ్గర క్లోఖఫార్మోర్ రాయి దగ్గరికి వెళ్ళాం. బోర్డు, పొలం, మధ్యలో మనిషికి ఒకటిన్నరంత రాయి. టికెట్ లేదు, గైడు లేడు, మేం తప్ప మనిషి లేడు. దెబ్బలు తిన్న కూ హులిన్ నిలబడే చావాలని తనని ఈ రాయికి కట్టేసుకున్నాడు. మోరిగన్ కాకి రూపంలో వచ్చి భుజమ్మీద వాలేదాకా శత్రువులెవరూ దగ్గరికి రాలేదు. ఈసారి కథ చెప్పింది మా ఆవిడ, టల్స్క్‌లో విన్నది విన్నట్టు. మా బావ ఫొటో కోసం రాయికి ఆనుకోబోతే చెల్లెలు కసిరింది: "అంతటివాడు పోయిన చోటండీ, కాస్త దూరంగా నిలబడండి." ఆయన చేతులు కట్టుకుని పక్కకి జరిగాడు. బూట్లకి పట్టిన బురద ఎయిర్‌పోర్టులో బెంచీ మీద కూర్చుని గోకాను.