వీబీ6 రన్‌టైమ్ ఫైళ్లు ఏళ్ల తరబడి వాడాక: నా ఓటు మేనిఫెస్ట్‌కే

విజువల్ బేసిక్ 6లో రాసిన బిల్లింగ్, ఫీజుల లెక్కలు, గోడౌన్ స్టాకు ప్రోగ్రాంలు ఇవాళ్టికీ నడుస్తున్నాయంటే అందరూ మెచ్చుకునేది ఎంఎస్‌వీబీవీఎం60.డీఎల్‌ఎల్‌నే, అంటే వీబీ6 ప్రోగ్రాంలను నడిపించే రన్‌టైమ్ ఫైలునే. ఆ మెప్పు దానికి దక్కాల్సిందే. 1998లో వచ్చిన భాష ఇది. ప్రోగ్రాంలు రాసే ఎడిటర్‌కు 2008 ఏప్రిల్‌లోనే మద్దతు ఆగిపోయింది. అయినా ఈ ఒక్క ఫైలు విండోస్ 11తో పాటే వచ్చేస్తోంది, మనం ఏమీ వేయక్కర్లేదు. దాని మీద నాకు ఏ ఫిర్యాదూ లేదు. నా కోపమంతా దాని చుట్టూ తిరిగే ఓసీఎక్స్ ఫైళ్ల (పట్టికల లాంటి తెర భాగాలుండే ఫైళ్లు) రిజిస్ట్రేషన్ మీద, అంటే ఆ ఫైలు ఎక్కడుందో విండోస్‌లో నమోదు చేయడం మీద. ఆ రిజిస్ట్రేషన్ అవసరమే లేకుండా చేసే చిన్న మేనిఫెస్ట్ ఫైలంటే మాత్రం ఎంత ఇష్టమో చెప్పలేను. ఈ సమీక్ష ప్రధానంగా దాని గురించే.

ముందు కోపం సంగతి. ఏళ్లుగా సాఫీగా నడిచిన ప్రోగ్రాం ఒక ఉదయం 339 నంబరు ఎర్రర్ చూపిస్తుంది. ఎంఎస్‌కామ్‌సీటీఎల్.ఓసీఎక్స్ సరిగా రిజిస్టర్ కాలేదు, ఫైలు లేదు లేదా చెల్లదు అంటుంది. ప్రోగ్రాంను ఎవరూ ముట్టుకోలేదు. వైరస్ కూడా కాదు. చాలాసార్లు జరిగేది ఏమిటంటే, వాడకం లేదని ముందురోజు ఎవరో వేరే పాత సాఫ్ట్‌వేర్ ఒకటి తీసేసి ఉంటారు. ఆ సాఫ్ట్‌వేర్‌కూ ఈ ప్రోగ్రాంకూ ఏ సంబంధమూ లేదు. కానీ రెండూ ఒకే ఓసీఎక్స్ వాడతాయి.

కారణం రిజిస్ట్రీలో, అంటే విండోస్ తన సెట్టింగులు రాసుకునే చోట, కళ్లకు కట్టినట్టు కనిపిస్తుంది. దాన్ని చూపించే రెజ్‌ఎడిట్ తెరిచి హెచ్‌కీ క్లాసెస్ రూట్‌లో వావ్6432నోడ్, దాని కింద సీఎల్‌ఎస్‌ఐడీ తెరవండి. అందులో బీడీడీ1ఎఫ్04బీ అని మొదలయ్యే కీ ఉంటుంది. అది లిస్ట్‌వ్యూ కంట్రోల్‌ది, అంటే బిల్లులో సరుకుల వరుసలు చూపించే పట్టిక. దాని కింద ఇన్‌ప్రాక్‌సర్వర్32 అనే కీలో ఒకే ఒక్క ఫైలు దారి రాసి ఉంటుంది. మొత్తం కంప్యూటర్‌కు అదొక్కటే. చివరగా ఏ సాఫ్ట్‌వేర్ ఆ ఓసీఎక్స్‌ను రిజిస్టర్ చేస్తే ఆ సాఫ్ట్‌వేర్ ఫోల్డర్ దారి అక్కడ పడుతుంది. ఆ సాఫ్ట్‌వేర్‌ను తీసేస్తే ఫైలూ పోతుంది, లేదా కీ పోతుంది, లేదా కీ మిగిలి లేని ఫైలును చూపిస్తూ కూర్చుంటుంది. అప్పటిదాకా మన ప్రోగ్రాం ఎవరి కాపీని వాడుకుంటోందో మనకే తెలియదు. పాత విండోస్ ప్రోగ్రాంలు పాడవడంలో నేను క్షమించలేనిది ఇదే. తప్పు ఒకచోట, శిక్ష ఇంకోచోట.

మళ్లీ రిజిస్టర్ చేస్తే బండి కదులుతుంది, నిజమే. అందులోనూ తడబడే చోట్లున్నాయి. 64-బిట్ విండోస్‌లో పేర్లు తిరగేసి ఉంటాయి: సిస్టమ్32లో ఉండేవి 64-బిట్ ఫైళ్లు, సిస్‌వావ్64లో ఉండేవి 32-బిట్ ఫైళ్లు. వీబీ6 ఫైళ్లన్నీ 32-బిట్, కాబట్టి ఓసీఎక్స్ వెళ్లాల్సింది సిస్‌వావ్64లోకి. అలవాటుకొద్దీ సిస్టమ్32లో పెట్టి పూర్తి దారి ఇచ్చి, రిజిస్టర్ చేసే కమాండ్ రెజ్‌ఎస్‌వీఆర్32 నడిపితే, అది 32-బిట్ ఫైలని గుర్తించి పనిని 32-బిట్ రెజ్‌ఎస్‌వీఆర్32కు అప్పగిస్తుంది. ఆ రెండోదానికి సిస్టమ్32 అంటే విండోస్ చూపించేది సిస్‌వావ్64నే. అక్కడ ఫైలుండదు. మాడ్యూల్ లోడ్ కాలేదన్న సందేశం వస్తుంది, ఫైలు ఎదురుగా కనిపిస్తున్నా. సిస్‌వావ్64లో ఉన్న రెజ్‌ఎస్‌వీఆర్32నే, అక్కడున్న ఓసీఎక్స్‌కు, అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచిన కమాండ్ ప్రాంప్ట్ నుంచి నడపండి. 0ఎక్స్8002801సీ అనే కోడ్ వస్తే రిజిస్ట్రీలో రాసే అనుమతి లేదని అర్థం. అడ్మినిస్ట్రేటర్ అనే మాట మరిచారన్నమాట. 713 నంబరు వస్తే కావాల్సింది ఎంఎస్‌ఎస్‌టీడీఎఫ్‌ఎంటీ.డీఎల్‌ఎల్. ఇది ఓసీఎక్స్ కాదు కాబట్టి చాలామంది జాబితాలో ఉండదు.

ఫైళ్లు ఎక్కడ దొరుకుతాయంటే, ఆ ప్రోగ్రాం అసలు సీడీలోనే. ఎంఎస్‌కామ్‌సీటీఎల్ మాత్రం 2012 తర్వాతిది కావాలి, కారణం కింద చెబుతాను. డీఎల్‌ఎల్‌లు ఒక్కొక్కటిగా ఇచ్చే సైట్ల జోలికి అస్సలు పోవద్దు. అక్కడి ఫైలు ఏ వెర్షనో, ఎవరు మార్చారో చెప్పే దిక్కుండదు. ఎక్కడి నుంచి తెచ్చినా ప్రాపర్టీస్‌లో డిజిటల్ సిగ్నేచర్ ట్యాబ్, వెర్షన్ నంబరు చూడండి. సీడీలోని సెటప్ కొత్త విండోస్‌లో సిస్టమ్ ఫైళ్లు పాతవి, రీస్టార్ట్ చేయండి అంటుంది. రీస్టార్ట్ చేస్తే మళ్లీ అదే మాట, ఎన్నిసార్లయినా. ఓలియాట్32 లాంటి ఫైళ్లను తన పాత కాపీలతో మార్చాలని ఆ సెటప్ చూస్తుంది, విండోస్ ఒప్పుకోదు. ఆ గొడవలోకి దిగొద్దు. సీడీలో క్యాబ్ ఫైలు ఉంటుంది, మిగతా ఫైళ్లను కుదించి మూటకట్టింది. ఎక్స్‌పాండ్ కమాండ్‌తో దాన్ని విప్పి ఈఎక్స్‌ఈ, ఓసీఎక్స్‌లు, డేటా ఫైళ్లు తీసుకుంటే చాలు. ఎంఎస్‌వీబీవీఎం60, ఓలియాట్32, ఓలెప్రో32, కామ్‌క్యాట్ మాత్రం ముట్టుకోవద్దు. అవి విండోస్‌లో ఉన్నవే ఉండాలి.

ఇక మేనిఫెస్ట్. విండోస్ ఎక్స్‌పీ కాలం నుంచే ఉన్న సౌకర్యం ఇది. వీబీ6 వాడకందారుల్లో సగం మందికి ఇప్పటికీ తెలియకపోవడం నాకు బాధగా ఉంటుంది. ప్రోగ్రాం బిల్లింగ్.ఈఎక్స్‌ఈ అయితే, అదే ఫోల్డర్‌లో బిల్లింగ్.ఈఎక్స్‌ఈ.మేనిఫెస్ట్ అనే టెక్స్ట్ ఫైలు పెడతాం. ఏ ఓసీఎక్స్ ఫైలులో ఏ క్లాస్ (లిస్ట్‌వ్యూ లాంటి ఒక్కో భాగం) ఉందో అందులో రాసి ఉంటుంది. ప్రోగ్రాం లిస్ట్‌వ్యూ అడగగానే విండోస్ ముందు ఈ కాగితం చూస్తుంది, పక్కనే ఉన్న ఓసీఎక్స్‌ను ఇస్తుంది. రిజిస్ట్రీ దాకా పోదు. రెజ్‌ఎస్‌వీఆర్32 అక్కర్లేదు, అడ్మినిస్ట్రేటర్ అక్కర్లేదు. పక్క సాఫ్ట్‌వేర్ వచ్చినా పోయినా మనకు పట్టింపు లేదు. ఫోల్డర్‌ను అలాగే కొత్త కంప్యూటర్‌కు కాపీ చేస్తే నడుస్తుంది. మొదటిసారి చూసినవాళ్లు నమ్మరు.

చేత్తో రాయడం పెద్ద చాకిరీ, ఒక్క ఎంఎస్‌కామ్‌సీటీఎల్‌లోనే బోలెడు క్లాసులున్నాయి. అన్‌అటెండెడ్ మేక్ మై మేనిఫెస్ట్ అనే ఉచిత పరికరం ఉంది. ఒక ఐఎన్‌ఐ ఫైలులో ఐడెంటిటీ వరుసలో ఈఎక్స్‌ఈ పేరు, ఒక్కో ఫైల్ వరుసలో ఒక్కో ఓసీఎక్స్ పేరు రాసిస్తే మేనిఫెస్ట్ తయారుచేసి ఇస్తుంది. ఏయే ఓసీఎక్స్‌లు కావాలో సోర్స్ (ప్రోగ్రాం రాసిన అసలు కోడ్) ఉంటే వీబీపీ అనే ప్రాజెక్టు ఫైలులో ఆబ్జెక్ట్ అని మొదలయ్యే వరుసల్లో ఉంటాయి. సోర్స్ లేకపోతే ప్రోగ్రాం బాగా నడుస్తున్న కంప్యూటర్‌లో, ఏ ప్రోగ్రాం ఏ ఫైళ్లు తెరుస్తోందో చూపించే ప్రాసెస్ మానిటర్ తెరవండి. ఆ ఈఎక్స్‌ఈ పేరుకు, ఓసీఎక్స్‌తో ముగిసే దారులకు ఫిల్టర్ పెట్టి ప్రోగ్రాంలోని ప్రతి మెనూ, ప్రతి రిపోర్టు ఒకసారి తిప్పండి. నెలాఖరు రిపోర్టులో మాత్రమే వాడే గ్రిడ్ ఒకటి తప్పకుండా ఉంటుంది. దాన్ని వదిలేస్తే నెలాఖరునే తెలుస్తుంది.

పరీక్ష చేయాల్సింది ఆ కంప్యూటర్‌లో కాదు. మేనిఫెస్ట్‌లో ఒక క్లాస్ మరిచిపోయినా విండోస్ చప్పుడు చేయకుండా రిజిస్ట్రీలోకి వెళ్లి తెచ్చుకుంటుంది, అంతా బాగున్నట్టే కనిపిస్తుంది. ఓసీఎక్స్‌లు ఎప్పుడూ రిజిస్టర్ కాని శుభ్రమైన కంప్యూటర్ కావాలి. విండోస్ ప్రో ఉంటే అందులోని శాండ్‌బాక్స్, అంటే మూసేయగానే చెరిగిపోయే తాత్కాలిక విండోస్, దీనికి చక్కగా పనికొస్తుంది. మేనిఫెస్ట్‌లో అక్షరం తప్పితే సైడ్ బై సైడ్ కాన్ఫిగరేషన్ సరిగా లేదని ప్రోగ్రాం తెరుచుకోదు. ఎస్‌ఎక్స్‌ఎస్‌ట్రేస్ కమాండ్‌తో ఏ వరుసలో తప్పుందో తెలుస్తుంది. ఒక మెలిక గుర్తుంచుకోండి. మేనిఫెస్ట్‌ను దిద్దినా పాత తప్పే చూపిస్తుంటే మీ దిద్దుబాటులో లోపం లేకపోవచ్చు. విండోస్ ఆ సమాచారాన్ని ఈఎక్స్‌ఈ తేదీని బట్టి దాచుకుంటుంది, మేనిఫెస్ట్ తేదీ చూడదు. కమాండ్ ప్రాంప్ట్‌లో కాపీ, స్లాష్ బీ, ఫైలు పేరు, వెంటనే ప్లస్, రెండు కామాలు కొడితే ఈఎక్స్‌ఈ తేదీ మారుతుంది, కొత్త మేనిఫెస్ట్ చదువుతుంది. ఈ సంగతి తెలియక మేనిఫెస్ట్ పనిచేయదని వదిలేసినవాళ్లు చాలామంది.

ఇంత మెచ్చుకున్నాక కొన్ని షరతులు చెప్పాలి. మొదటిది డేటా గురించి. పాత ప్రోగ్రాంలు ప్రోగ్రామ్ ఫైల్స్ ఫోల్డర్‌లోనే ఎండీబీ ఫైలు (యాక్సెస్ డేటాబేస్) రాస్తాయి. విండోస్ అక్కడ రాయనివ్వక, ఆ రాతలను యూజర్ ఫోల్డర్‌లోని యాప్‌డేటా, లోకల్, వర్చువల్‌స్టోర్‌లోకి మళ్లిస్తుంది. ఏళ్ల బిల్లులు అక్కడే పేరుకుని ఉండొచ్చు. మేనిఫెస్ట్‌లో ట్రస్ట్‌ఇన్ఫో భాగం, అంటే ఏ స్థాయి అనుమతితో నడవాలో చెప్పే వరుస చేరిస్తే ఈ మళ్లింపు ఆగిపోతుంది. ప్రోగ్రాం తెరిస్తే ఇన్‌స్టాల్ చేసిన నాటి పాత డేటా కనిపిస్తుంది, లేదా ఖాళీ. బిల్లులు పోలేదు, వర్చువల్‌స్టోర్‌లో భద్రంగా ఉన్నాయి. మేనిఫెస్ట్ పెట్టకముందే ఆ ఫోల్డర్ వెతికి, ఏ ఎండీబీ తాజాదో తేదీ చూసి, ప్రోగ్రాం ఫోల్డర్ మొత్తాన్ని సీ డ్రైవ్‌లో వేరే చోటికి మార్చి, ఆ తాజా ఫైలును అందులో వేయండి. ఒకే కంప్యూటర్‌లో ఇద్దరు యూజర్లుంటే ఇద్దరి వర్చువల్‌స్టోర్‌లూ చూడాలి. చెరో ఎండీబీ ఉంటుంది, వాటిని కలపడం వేరే పని.

రెండోది, కామన్ కంట్రోల్స్ 6 వరుస. బటన్లు కొత్తగా కనిపిస్తాయని దీన్ని చేరుస్తారు. దీనికోసం ప్రోగ్రాం మొదట్లోనే ఇనిట్‌కామన్‌కంట్రోల్స్ పిలవాలి. ఆ పిలుపు లేని ఈఎక్స్‌ఈ తెరుచుకోకపోవచ్చు. తెరుచుకున్నా ఫ్రేమ్‌లోని ఆప్షన్ బటన్ల వెనక నల్ల రంగు పడుతుంది. సోర్స్ లేనివాళ్లు దీని జోలికి పోవద్దు. మూడోది, ప్రోగ్రాం వేరే ఈఎక్స్‌ఈని యాక్టివ్ఎక్స్ సర్వర్‌గా వాడితే దానికి మేనిఫెస్ట్ సాయపడదు, ఆ ఒక్కదాన్ని రిజిస్టర్ చేయాల్సిందే.

నాలుగోది భద్రత, దీన్ని తేలిగ్గా తీసుకోకూడదు. 2012 ఏప్రిల్‌లో ఎంఎస్‌కామ్‌సీటీఎల్‌లో పెద్ద లోపం బయటపడి ఎంఎస్12-027 పేరుతో సవరణ వచ్చింది, అదే ఏడాది ఆగస్టులో ఇంకొకటి. అప్పుడు టైప్ లైబ్రరీ (ఓసీఎక్స్‌లో ఏమేమి ఉన్నాయో చెప్పే వివరాల పట్టీ) నంబరు 2.0 నుంచి మారి ఎక్సెల్, యాక్సెస్ ఫారాలు, వీబీ6 ప్రాజెక్టులు చాలా చోట్ల తెరుచుకోలేదు. 831ఎఫ్‌డీడీ16తో మొదలయ్యే టైప్‌లిబ్ కీ కింద మిగిలిపోయిన 2.0ను తీసేసి మళ్లీ రిజిస్టర్ చేస్తే దారికొచ్చింది. మేనిఫెస్ట్‌తో పక్కన పెట్టుకున్న కాపీకి ఇలాంటి కుదుపు తగలదు. అయితే సవరణ కూడా అందదు. కాబట్టి పక్కన పెట్టే కాపీ 2012 తర్వాతిదే అయ్యుండాలి, 1998 సీడీలోది కాదు.

తెలుగు విషయం. వీబీ6 లోపల అక్షరాలను యూనికోడ్‌గానే ఉంచుతుంది, దాని టెక్స్ట్‌బాక్స్ మాత్రం ఆన్సీనే, అంటే ఒక్కో లిపికి ఒక్కో కోడ్‌పేజీ (అక్షరాల పట్టిక) వాడే పాత పద్ధతి. తెలుగుకు ఆన్సీ కోడ్‌పేజీ లేదు కాబట్టి యూనికోడ్ తెలుగు కొడితే ప్రశ్నార్థకాలే పడతాయి. అందుకే అప్పటి ప్రోగ్రాంలు అను లాంటి ఫాంట్లతో ఇంగ్లిష్ అక్షరాల స్థానాల్లోనే తెలుగు రాశాయి. ఇవి ఇప్పటికీ బాగా నడుస్తాయి, ఒక్క షరతు మీద: రీజియన్ సెట్టింగ్స్‌లో ప్రపంచ భాషలకు యూటీఎఫ్-8 వాడు అనే బీటా పెట్టెలో టిక్ ఉండకూడదు. టిక్ పడితే 127 దాటిన స్థానాల్లోని అక్షరాలన్నీ చెడిపోతాయి. ఇంటిపేర్లు, ఊరి పేర్లు గుర్తుపట్టలేని గీతలవుతాయి. టిక్ తీసి రీస్టార్ట్ చేస్తే తెరమీద తిరిగొస్తాయి. టిక్ ఉన్నప్పుడు సేవ్ చేసిన పేర్లను మాత్రం మళ్లీ టైపు చేయాల్సి రావచ్చు.

డేటాబేస్ ఫైళ్ల గురించి పెద్దగా చెప్పేదేమీ లేదు. ఎండీబీ ఫైళ్లను చదివే జెట్ 4.0, డావో 3.6 విండోస్‌లోనే ఉన్నాయి. డేటాబేస్ ఫైళ్లు వేసే పాత ఎండీఏసీ ఇన్‌స్టాలర్‌ను కొత్త విండోస్‌లో నడపకండి. తేదీల్లో సంవత్సరం రెండంకెల్లో కొట్టే ప్రోగ్రాం అయితే ఇప్పుడే 30 కొట్టి చూడండి, 1930 పడుతుందో 2030 పడుతుందో. లైనక్స్‌కు మారాలనుకునేవాళ్లకు, విండోస్ ప్రోగ్రాంలను అక్కడ నడిపే వైన్‌లో 32-బిట్ ప్రిఫిక్స్ (దాని సొంత ఫోల్డర్) చేసి వైన్‌ట్రిక్స్‌తో వీబీ6రన్ వేస్తే చిన్న ప్రోగ్రాంలు నడుస్తాయి. రిపోర్టులు, ప్రింటింగ్ దగ్గర భరోసా ఇవ్వలేను.

రన్‌టైమ్‌ను మొదట్లో అంత పొగిడినా అది రాయి కాదు. 2019 ఆగస్టు విండోస్ అప్‌డేట్ తర్వాత వీబీ6 ప్రోగ్రాంలు ఇన్‌వాలిడ్ ప్రొసీజర్ కాల్ అని ఆగిపోయాయి, మైక్రోసాఫ్ట్ కొద్దిరోజుల్లోనే సవరణ ఇచ్చింది. విండోస్‌లోని చిన్న స్క్రిప్టుల భాష వీబీస్క్రిప్ట్‌ను దశలవారీగా తీసేస్తామని 2024లో ప్రకటించింది. వీబీ6కు దానితో నేరుగా ముప్పు లేదు. కానీ స్క్రిప్ట్ కంట్రోల్ గానీ, వీబీస్క్రిప్ట్‌లోని రెగ్‌ఎక్స్ గానీ వాడిన ప్రోగ్రాం ఆ రోజు ఆగిపోతుంది. ప్రాసెస్ మానిటర్‌లో వీబీస్క్రిప్ట్.డీఎల్‌ఎల్‌కు కూడా ఫిల్టర్ పెట్టి, ఆ పేరు కనిపించిందేమో ఓసీఎక్స్‌లు వెతికేటప్పుడే చూసేయండి.

నా తీర్పు ఒకటి రెండు కంప్యూటర్ల దుకాణానికి, సోర్స్ దొరకని ప్రోగ్రాంకు సరిపోతుంది. అక్కడ మేనిఫెస్ట్‌ను మించినది నేను చూడలేదు. పది కంప్యూటర్లు ఒకే ఎండీబీ మీద పనిచేసే చోట ఫైళ్ల బాధకన్నా డేటాబేస్ బాధ పెద్దది, దీనివల్ల అది తీరదు. రాసినవాళ్లు ఇంకా అందుబాటులో ఉండి సోర్స్ కూడా ఉంటే, వాళ్లచేతే మేనిఫెస్ట్‌ను ఈఎక్స్‌ఈలో కలిపించుకోండి. ఫోల్డర్ కాపీ చేసేటప్పుడు ఆ ఫైలు జారిపోయే భయం ఉండదు.