సొంతంగా చేసుకున్న తెరచాప పడవ: ఏళ్ల తరబడి వాడాక నా మాట

చిన్న పడవ సొంతంగా చేసుకోవాలనుకుంటే డబ్బంతా ప్లైవుడ్‌కి, ఎపాక్సీకి (రెండు ద్రవాలు కలిపితే గట్టిపడే జిగురు) పెట్టండి, తెరచాపకి కాదు. నాది ఎనిమిది అడుగులది. 6 ఎం.ఎం. మెరైన్ ప్లై షీట్లు రెండు తెచ్చి కర్నూలులో మా ఇంటి వరండాలోనే చేశాను, నీళ్లున్న కాలమంతా సంగమేశ్వరం దగ్గర శ్రీశైలం బ్యాక్‌వాటర్‌లో నడుపుతుంటాను. ఇప్పటికీ ఎక్కడా చెమ్మ కూడా లేదు.

పలకల అంచులకి సన్న రంధ్రాలు వేసి రాగి తీగతో కుట్టడం, లోపలి మూలల్లో ఎపాక్సీ పూడ్చడం, మీద ఫైబర్‌గ్లాస్ టేపు అతికించడం, అంతే పని. 1960ల్లో ఇంగ్లండ్‌లో మిర్రర్ అనే పడవతో ఈ పద్ధతి మామూలు ఇళ్లలోకి వచ్చింది, వడ్రంగం పెద్దగా రాకపోయినా కుదురుతుంది. షాపువాళ్లు వాటర్‌ప్రూఫ్ అన్నంత మాత్రాన ప్లై తీసుకోవద్దు, మెరైన్ ప్లైకి ఉండే భారత ప్రమాణం ఐఎస్ 710 ముద్ర ఉందో లేదో చూడండి, ఆ రకాన్ని 72 గంటలు మరిగే నీళ్లలో ఉంచి పరీక్షిస్తారు.

మన ఎండల్లో అసలు టెన్షన్ ఎపాక్సీతోనే. డబ్బాలో ఎక్కువ కలిపితే దానంతటదే వేడెక్కి, పొగలొచ్చి, గడ్డకట్టేస్తుంది, అందుకే తెల్లారకముందే, వెడల్పాటి ట్రేలో కొంచెం కొంచెం కలుపుకోవాలి. ఆరాక కూడా ఎండ దాన్ని తినేస్తుంది కాబట్టి పెయింట్ తప్పదు.

తెరచాప టార్పాలిన్‌తో కుట్టించాను. ఎండకి చిట్లుతుంది, మళ్లీ కుట్టిస్తాను, ఖర్చు తక్కువే. స్తంభానికి వెదురు చాలు, పగలకుండా అక్కడక్కడా తాడు బిగించి చుట్టాలి.

నాకు ఎంతకీ తనివి తీరనిది గాలికి ఎదురెళ్లడం. సూటిగా పోవడం కుదరదు, పడవ అటూ ఇటూ ఏటవాలుగా పోతూ గాలి వచ్చే వైపుకి ముందుకెళ్తుంది. అడుగున నీళ్లలోకి దించే పలక పడవని పక్కకి జారనివ్వదు, గుండ్రటి పుట్టికి (బుట్ట పడవకి) అది ఉండదు. అక్కడ పుట్టి వేసే పెద్దాయన మొదటిసారి చూసి "గాలి మీదికే పోతాంది కదా సామీ!" అన్నాడు, ఆ రోజు ఆయన్నీ ఎక్కించుకుని తిప్పాను.

ఆగస్టులో పడమటి గాలి బాగా తోస్తుంది, కానీ వరద దిగేవరకూ ఆగండి. వేసవికి నీళ్లు తగ్గి, మునిగి ఉన్న సంగమేశ్వరం గుడి బయటపడేసరికి ఒడ్డంతా బురదే, పడవ మోయలేం.

సీట్ల కింద గాలి చొరబడని గదులు కట్టండి, బోల్తా పడినా తేలుతుంది. లైఫ్ జాకెట్ లేకుండా, ఈత వచ్చినవాళ్లనైనా సరే, నేను ఎక్కించను.