ఆండ్రాయిడ్ డిజిటల్ వెల్‌బీయింగ్: ఫోకస్ మోడ్ పెట్టి నడకకు వెళ్లేవాళ్లకు ఏ మేరకు పనికొస్తుంది?

చదివిన వాక్యమే మళ్లీ చదవాల్సి వస్తుంది, ఎవరేం అడిగినా విసుగు, కళ్లు లాగుతుంటాయి. రోజంతా తెర ముందు కూర్చుంటే సాయంత్రానికి బుర్ర ఇలాగే మొద్దుబారుతుంది. ఫోను పక్కనపెట్టి కాసేపు నడిచొద్దామని కొత్త యాప్ వేసుకునే ముందు ఫోనులో ఉన్నదాన్నే ఓసారి చూడండి. గూగుల్ 2018లో తెచ్చిన డిజిటల్ వెల్‌బీయింగ్ చాలా ఆండ్రాయిడ్ ఫోన్ల సెట్టింగ్స్‌లోనే ఉంటుంది, ఉచితం కూడా. మెనూ పేర్లు ఫోను కంపెనీని బట్టి కాస్త మారతాయి.

తెరవగానే ఏ యాప్‌కి ఎంతసేపు పోయిందో కనిపిస్తుంది. ఆ గంటల కంటే అన్‌లాక్‌ల సంఖ్య పట్టించుకోండి. రెండు గంటలు ఒకే సినిమా చూడటం వేరు, అదే సమయంలో అరవైసార్లు ఫోను తీసి పెట్టడం వేరు. ఎక్కువ అలసట రెండోదాంతోనే.

యాప్ టైమర్ మాత్రం తలుపుకి గొళ్లెం లాంటిదే, తాళం కాదు. 30 నిమిషాలు పెడితే గడువు తీరాక యాప్ మూతపడి ఐకాన్ బూడిదరంగుకు మారుతుంది, అర్ధరాత్రికి లెక్క మళ్లీ మొదలవుతుంది. కానీ పెట్టినచోటే తీసేయొచ్చు, పాస్‌వర్డ్ అడగదు. పైగా యాప్ మూసినా అదే సైటు బ్రౌజర్‌లో తెరుచుకుంటుంది.

అసలు సరుకు ఫోకస్ మోడ్, మీరు ఎంచుకున్న యాప్‌లనీ వాటి నోటిఫికేషన్లనీ కాసేపు ఆపేస్తుంది. సోషల్ మీడియా, వార్తలు, వీడియోలు, ఆఫీసు మెయిల్, వీటితోపాటు బ్రౌజర్‌ని కూడా ఎంచుకోండి. మ్యాప్స్‌ని వదిలేయండి, లేకపోతే దారి వెతకడానికని మోడ్ తీస్తారు, మళ్లీ పెట్టరు. షెడ్యూల్‌లో రోజులు, వేళలు నింపి, నడకకు పది నిమిషాల ముందే మొదలయ్యేలా పెట్టండి. చెప్పులేసుకునే ముందు "ఒక్క మెసేజ్" చూద్దామని కూర్చుండిపోయేది ఆ పది నిమిషాల్లోనే.

ఇక్కడితో ఫోను చేయగలిగింది అయిపోతుంది. దగ్గరి తెరను చూస్తున్నంతసేపూ కంటిలోపలి కండరం బిగిసే ఉంటుంది, రెప్పలు కూడా తక్కువసార్లు పడతాయి. ఆరు మీటర్లు దాటిన దూరాన్ని చూస్తే ఆ కండరం సడలుతుంది. బుర్ర సంగతి వేరు. పట్టుబట్టి దృష్టి నిలిపే శక్తి వాడేకొద్దీ అలసిపోతుందని, ఆకుల కదలిక, మబ్బులు లాంటివి బలవంతం లేకుండా మనసును పట్టుకుంటాయి కాబట్టి ఆ శక్తికి విశ్రాంతి దొరుకుతుందని మనస్తత్వ శాస్త్రవేత్తలైన కాప్లాన్ దంపతులు 1989లో వివరించారు. 2008లో పరిశోధకుడు బెర్మన్ బృందం చేసిన ప్రయోగంలో సుమారు 50 నిమిషాలు చెట్ల మధ్య నడిచినవాళ్లు అంకెల్ని వెనక నుంచి చెప్పే పరీక్షలో మెరుగుపడ్డారు, నగర వీధుల్లో నడిచినప్పుడు అంత తేడా రాలేదు. చలిలో నడక నచ్చనివాళ్లకూ లాభం కనిపించింది. కాబట్టి మూడ్ లేదన్న సాకు చెల్లదు.

ఇయర్‌ఫోన్స్ ఇంట్లోనే ఉంచండి. పాడ్‌కాస్ట్ వింటూ నడిస్తే కళ్లకు సెలవు దొరుకుతుంది, బుర్రకు దొరకదు. అడుగుల లెక్క చూడటానికి ఫోను తీసినా అంతే. ఈ తప్పుల్ని డిజిటల్ వెల్‌బీయింగ్ ఆపలేదు, అందుకే దీనికి ఐదుకు మూడున్నర మార్కులు.

ఇంకో ఇబ్బంది: మోడ్ ఆగగానే అప్పటిదాకా ఆపిన నోటిఫికేషన్లన్నీ కట్టగట్టుకుని మీద పడతాయి. గంట నడిచొచ్చిన తేలిక రెండు నిమిషాల్లో హరీ. ఇంటికి చేరే వేళకు కాదు, ఆ తర్వాత మరో అరగంటకు మోడ్ ఆగేలా షెడ్యూల్ పెట్టండి.