వాటర్ బెడ్‌లో గాలి: కర్రతో తోయాలా, మంచం ఎత్తాలా?

మా నాన్నమ్మ తుంటి విరిగి మంచాన పడ్డప్పుడు విశాఖలో కేజీహెచ్ ఆసుపత్రి దగ్గర ఒక సర్జికల్ షాపులో వాటర్ బెడ్, అంటే నీళ్లు నింపే రబ్బరు పరుపు, కొన్నాం. "నీళ్లు పోసి మూత బిగించండి, అంతే" అన్నాడు షాపతను. మూడో రోజుకి ఆవిడ కాస్త ఒత్తిగిలితే చాలు, లోపల గుడగుడ. "నా కింద ఏటో తిరుగుతోందిరా" అని రాత్రంతా గోల. మూత వదులైందేమోనని రెండుసార్లు బిగించాం. మూత బాగానే ఉంది. ఆ గుడగుడ లోపల చేరిన గాలిది, అది మేం పోసిన నీళ్లతోనే లోపలికి వెళ్లింది.

గ్లాసులో పట్టి వదిలేసిన కుళాయి నీళ్లలో కాసేపటికి అంచుల వెంట చిన్న బుడగలు పడతాయి కదా, అదే సంగతి. నీళ్లు ఎంత చల్లగా ఉంటే అంత గాలి కరిగి ఉంటుంది. 20 డిగ్రీల దగ్గర లీటరుకి సుమారు 9 మిల్లీగ్రాముల ఆక్సిజన్ పట్టే నీళ్లలో 30 డిగ్రీలకి ఏడున్నరే పడుతుంది. పైన మనిషి పడుకుంటే ఆ వేడికి నీళ్లు వెచ్చబడి, ఇక పట్టని గాలి బయటపడుతుంది.

దాన్ని తీయడానికి చాలామంది చేసేది కర్రతో తోయడం. ప్లాస్టిక్ గొట్టానికి తువ్వాలు చుట్టి, కాళ్ల వైపు నుంచి మూత వైపుకి మెల్లగా దొర్లించడం. మేమూ చేశాం. సగం గాలి మూత దాకా వస్తుంది, మిగతాది గొట్టం పక్కల నుంచి జారి మళ్లీ వెనక్కి పోతుంది. గట్టిగా నొక్కితే గాలి కంటే ముందు నీళ్లే ఎగజిమ్ముతాయి. మా గచ్చంతా తడిసింది. అయితే పరుపు నిలువు గొట్టాల్లా అరలు అరలుగా ఉంటే మాత్రం కర్రే నయం, ఎందుకంటే అక్కడ గాలికి పక్కకి జారే దారి లేదు.

రెండోది మంచం ఎత్తడం. మనిషిని వేరే మంచం మీదికి మార్చి, మూత ఉన్న వైపు కోళ్ల కింద ఒక్కో ఇటుక పెట్టాలి. ఇద్దరు లేకుండా ఇది చేయొద్దు. ఆరడుగుల పొడవు, మూడడుగుల వెడల్పు పరుపులో నాలుగంగుళాల మందాన నీళ్లుంటే 170 లీటర్లు, అంటే 170 కిలోలు. పావుగంట వదిలేస్తే గాలి తనంతట తానే పైకి చేరుతుంది. అప్పుడు మూత తీసి, మూతి దగ్గర రబ్బరుని రెండు వేళ్లతో పైకి లాగి పట్టుకుని, అరచేత్తో పక్కన నిమురుతుంటే బుడబుడమని పోతుంది. నీళ్లు మూతి అంచుదాకా వచ్చి, బుడగ రాకుండా పొర్లుతున్నప్పుడే మూత తిప్పేయాలి. కింద పాత దుప్పటి పరుచుకోండి. నా ఓటు దీనికే.

కానీ ఏది చేసినా, నింపిన మర్నాడు ఇంకోసారి చేయక తప్పదు. అందుకే అసలు తేడా నింపే దగ్గరే ఉంది. పొద్దున్నే కుళాయి వచ్చినప్పుడు పైపు తగిలించేస్తే పని తొందరగా అవుతుంది, నిజమే. కానీ చల్లటి నీళ్లు నురగలు కక్కుతూ పడి, గాలిని కూడా తీసుకెళ్తాయి. మేడ మీద ట్యాంకులో మధ్యాహ్నం దాకా నిలిచిన నీళ్లు అప్పటికే వెచ్చబడి, కొంత గాలి వదిలేసి ఉంటాయి. వాటినే సన్నటి ధారగా, పైపు మూతిని లోపలికంటా దూర్చి వదిలాం రెండోసారి. ముసలావిడకి వీపు కింద చల్లదనం బాధా తప్పింది. మే నెలలో అయితే ముందు చెయ్యి పెట్టి చూసుకోండి, విశాఖ ఎండకి ట్యాంకు నీళ్లు కాగుతాయి.

వారాల తర్వాత మళ్లీ గాలి చేరి, మూత తీయగానే కంపు కొడితే అది వేరే కథ. లోపల పాచి పట్టి గాలి పుడుతోందన్నమాట. తోయడాలు, ఎత్తడాలు పక్కన పెట్టి నీళ్లు మొత్తం మార్చేయండి.

ఈ పరుపు ఆలోచన కొత్తదేం కాదు. మంచాన పడ్డవాళ్లకి పుండ్లు పడకూడదనే 1832లో నీల్ ఆర్నాట్ అనే స్కాట్లాండ్ డాక్టరు నీళ్ల తొట్టి మీద రబ్బరు గుడ్డ కప్పి రోగిని పడుకోబెట్టాడు. అయినా నాన్నమ్మని రెండు గంటలకోసారి పక్కకి తిప్పడం మాకు తప్పలేదు. ఇప్పుడు తిప్పినప్పుడు గుడగుడ లేదు, ఆవిడ సణుగుడే వినబడుతోంది.